క్షమాపణ చెప్పని బౌలరు



క్రికెట్టు ఆటను గూర్చి మాట్లాడుకొనునపుడు మనకు ముందుగా తోచునవి బ్యాట్స్‌మన్‌ల పేర్లు. పరుగులు లెక్కకు అందును, సెంచరీలు పత్రికలకెక్కును. ఎండలో పదేపదే పరుగెత్తివచ్చి బంతి వేయువాని శ్రమ మాత్రము ఆనాటితోనే మరుగున పడిపోవును. ధాన్యము గాదె చేరిన తరువాత దుక్కిటెద్దును తలచువారు తక్కువ గదా!

నేను ఈనాడు చెప్పదలచినది అట్టి ఒక బౌలరు చరిత్ర. అతడు ఇంగ్లండు దేశస్థుడు. పేరు హెరాల్డ్ లార్వుడ్. వేగముగా బంతి వేయుటలో అతనిని మించినవాడు ఆ కాలమున లేడని అతని ప్రత్యర్థులే ఒప్పుకొన్నారు. కాని అతని చరిత్రను మనము తెలిసికొనవలసినది ఆ వేగము కొరకు మాత్రమే కాదు. అందులో ఒక ధర్మసందేహమున్నది. యజమాని ఆజ్ఞాపించినాడు. పనివాడు ఆ పని చేసినాడు. పని ఫలించినది; యజమాని సంతోషించినాడు. తరువాత, ఆ పని తప్పని లోకము గోల పెట్టినది. అప్పుడు క్షమాపణ చెప్పవలసినవాడెవడు?

లార్వుడ్ 1904వ సంవత్సరము నవంబరు 14వ తేదీన నాటింగ్‌హామ్‌షైర్ కౌంటీలోని నన్‌కార్‌గేట్ అను పల్లెలో జన్మించినాడు. కౌంటీ అనగా మన జిల్లా వంటిది. అది బొగ్గు గనుల సీమ. తండ్రి గనికార్మికుడు. ఐదుగురు కొడుకులలో హెరాల్డు నాలుగవవాడు. 13వ ఏట బడి మానినాడు. 14వ ఏట గనిలో పనికి కుదిరినాడు. భూమి లోపల బొగ్గుబండ్లను లాగుటకు పొట్టి గుఱ్ఱములుండెడివి. వాటిని తోలుట అతని మొదటి పని. తరువాత బొగ్గు తవ్వు చోటికే వెళ్ళి, రాత్రివేళ పని చేసినాడు. పగలు ఖాళీ దొరికినచో పల్లె జట్టుతో క్రికెట్టు ఆడెడివాడు. మనిషి ఎత్తరి కాడు. 5 అడుగుల 8 అంగుళములు మించడు. కాని పార పట్టి బొగ్గు ఎత్తుటచేత వీపు, భుజములు ఇనుమువలె గట్టిపడినవి. ఒక పేరుపొందిన బౌలరు దేహమును అతనికి ఇచ్చినది వ్యాయామశాల కాదు, గని.

ఆ పల్లెలోనే జో హార్డ్‌స్టాఫ్ అను పెద్ద ఆటగాడుండెను. ఇంగ్లండు తరఫున ఆడినవాడు. ఆయన ఈ కుఱ్ఱవానిని చూచి, కౌంటీ క్లబ్బువారికి సిఫారసు చేసినాడు. 1923లో నాటింగ్‌హామ్ నగరమునందలి ట్రెంట్ బ్రిడ్జి మైదానమున లార్వుడ్ పరీక్షకు నిలిచి, జీతముపై చేరినాడు. మరుసటి సంవత్సరము కౌంటీ జట్టున తొలిసారి ఆడినాడు.

జీతముపై చేరినాడను మాటను కొంచెము వివరింపవలెను. ఆనాటి ఇంగ్లండు క్రికెట్టులో రెండు తెగలుండెడివి. జీతము పుచ్చుకొనక ఆడువారు అమెచ్యూర్లు. వారిని 'జెంటిల్మెన్' అనువారు. జీతమునకు ఆడువారు వృత్తి ఆటగాండ్రు. వారికి 'ప్లేయర్స్' అని పేరు. ఒకే జట్టులో ఆడినను, చాలచోట్ల దుస్తులు మార్చుకొను గదులు వేరు. మైదానములోనికి దిగు ద్వారములు వేరు. ఆట పట్టికలో పేర్లు అచ్చువేయు పద్ధతిలో సయితము తేడా చూపెడివారు. నాయకత్వము అమెచ్యూరుదే. 20వ శతాబ్దములో 1952వ సంవత్సరమున లెన్ హట్టన్‌ను నియమించు వరకు ఏ వృత్తి ఆటగాడును ఇంగ్లండు టెస్టు జట్టునకు నాయకుడుగా నియమింపబడలేదు. ఈ తెగల భేదమును 1963 ఆట ఋతువునకు ముందు గాని తొలగింపలేదు. కనుక లార్వుడ్ మైదానములో ఉన్నప్పుడు ఆటగాడే కాదు, ఉద్యోగి కూడ. నాయకుడు చెప్పినట్లు బంతి వేయుట అతని ఉద్యోగధర్మము.

అతని బౌలింగు ఎట్లుండెడిదో చూచినవారు వ్రాసిన మాటలను బట్టి మనము ఊహించుకొనవచ్చును. మొదట మెల్లగా బయలుదేరి, అడుగడుగునకు వేగము పెంచుకొనుచు వచ్చి, బంతి విడుచు క్షణమునకు పరుగు యొక్క బలమంతయు భుజమునకు ఎక్కునట్లు చేసెడివాడు. ఆ పరుగులో చప్పుడు లేదు. వెనుక నిలిచిన అంపైరునకు అడుగుల సవ్వడి వినబడెడిది కాదట. రెండు వికెట్ల నడుమ దూరము 22 గజములు. గంటకు 90 మైళ్ళ వేగముతో వచ్చు బంతి ఆ దూరమును దాటుటకు సుమారు అర సెకనే పట్టును. ఆ అర సెకనులోపల బ్యాట్స్‌మన్ బంతిని చూడవలెను, నిర్ణయింపవలెను, కదలవలెను. ఆ దినములలో తలకు శిరస్త్రాణము లేదు. కాళ్ళకు ప్యాడ్లు, చేతులకు తొడుగులు, అంతే రక్షణ.

1926వ సంవత్సరము జూను నెలలో లార్డ్స్ మైదానమున లార్వుడ్ ఆస్ట్రేలియాపై మొదటి టెస్టు ఆడినాడు. ఆగస్టులో ఓవల్ మైదానమున జరిగిన చివరి టెస్టులో రెండు ఇన్నింగ్సులందును మూడేసి వికెట్లు తీసినాడు. ఇంగ్లండు గెలిచి, 'యాషెస్'ను తిరిగి సంపాదించినది. యాషెస్ అనగా బూడిద. 1882లో ఇంగ్లండు స్వదేశమున ఓడిపోయినపుడు, ఆంగ్ల క్రికెట్టు చనిపోయినదని, దాని చితాభస్మమును ఆస్ట్రేలియా తీసికొనిపోవునని ఒక పత్రిక పరిహాసముగా వ్రాసినది. ఆనాటినుండి ఆ రెండు దేశముల పోటీకి ఆ బూడిదయే బహుమానము. ఓవల్‌లో లండను జనము కేరింతలు కొట్టుచున్న ఆ ఆగస్టు నెలలోనే ఇంగ్లండు బొగ్గు గనులు మూతపడియున్నవి. మేలో మొదలైన గనికార్మికుల పోరాటము ఇంకను ముగియలేదు. లార్వుడ్ పుట్టిన పల్లెల వంటి పల్లెలలో కూలి లేక, పొయ్యి వెలుగని ఇండ్లు ఎన్నో. ఆ గనులనుండి వచ్చిన ఇరువది ఒక్క ఏండ్ల యువకుడు దేశమునకు విజయము తెచ్చినాడు.

1928-29లో ఇంగ్లండు జట్టు ఆస్ట్రేలియాకు వెళ్ళినది. బ్రిస్బేన్‌లో జరిగిన మొదటి టెస్టులో లార్వుడ్ 32 పరుగులిచ్చి 6 వికెట్లు తీసినాడు. బ్యాటుతో 70 పరుగులు చేసినాడు. ఇంగ్లండు 675 పరుగుల తేడాతో గెలిచినది. ఆ మ్యాచిలోనే ఆస్ట్రేలియా తరఫున ఒక ఇరువది ఏండ్ల కుఱ్ఱవాడు తన తొలి టెస్టు ఆడినాడు. అంతగా రాణింపలేదు, తరువాతి మ్యాచికి అతనిని తప్పించినారు. ఆ కుఱ్ఱవాని పేరు డొనాల్డ్ బ్రాడ్‌మన్.

రెండేండ్లలో లెక్క తారుమారైనది. 1930లో ఇంగ్లండుకు వచ్చిన బ్రాడ్‌మన్ ఐదు టెస్టులలో 974 పరుగులు చేసినాడు. అందులో లీడ్స్‌లో చేసినవి 334. ఒక టెస్టు పోటీమాలలో అంతటి మొత్తమును నేటి వరకు ఎవరును దాటలేదు. ఆ వేసవిలో లార్వుడ్ మూడు టెస్టులలో కలిపి తీసినవి నాలుగు వికెట్లే. అతని మనసులో ఆ అవమానము నాటుకొన్నది. ఐనను ఓవల్‌లో వాన పడిన పిచ్ మీద బంతి చివ్వున లేచినపుడు బ్రాడ్‌మన్ తొట్రుపడినట్లు కొందరి కంటికి కనబడినది. ఎత్తుగా లేచి మీదికి వచ్చు బంతికి ఈ మహావీరుడు కూడ జంకునా? ఈ ప్రశ్న ఇంగ్లండు పెద్దల మనసున మెదిలినది.

1932-33లో ఆస్ట్రేలియాకు వెళ్ళు జట్టునకు నాయకుడుగా డగ్లస్ జార్డైన్ నియమితుడైనాడు. ఇతడు బొంబాయిలో పుట్టినవాడు; ఆక్స్‌ఫర్డ్‌లో చదివిన అమెచ్యూరు. ఆ 1932వ సంవత్సరముననే జూను నెలలో లార్డ్స్ మైదానమున భారతదేశము తన మొట్టమొదటి టెస్టు ఆడినపుడు, ఇంగ్లండు పక్షమున జార్డైన్, మన పక్షమున తెలుగు కుటుంబమునకు చెందిన సి. కె. నాయుడు నాయకులుగా నిలిచినారు. ఆ మ్యాచిలో లార్వుడ్ ఆడలేదు. కాని ఆ వేసవియంతయు కౌంటీ మ్యాచిలలో ప్రత్యర్థులను కూల్చుచునే ఉన్నాడు. ఆ ఋతువులో అతడు తీసిన వికెట్లు 162. వికెట్టునకు ఇచ్చిన పరుగుల సగటు 12.86.

ఆగస్టులో లండనులోని పికడిల్లీ హోటలులో ఒక విందు జరిగినది. జార్డైన్, నాటింగ్‌హామ్‌షైర్ నాయకుడు ఆర్థర్ కార్, లార్వుడ్, అతని జోడీ బౌలరు బిల్ వోస్, ఈ నలుగురు కూర్చున్నారు. వోస్ కూడ గనిపని చేసినవాడే, ఎడమచేతి వాటము. మాట బ్రాడ్‌మన్ మీదికి మళ్ళినది. లెగ్ వికెట్టు మీదికి, అనగా బ్యాట్స్‌మన్ శరీరము వైపునకు, పొట్టిగా వేసి ఎత్తుగా లేపు బంతిని అతడు ఎట్లు ఎదుర్కొనునో చూడవలెనని అనుకొన్నారు. జార్డైన్ ఆ బంతి అంత గురిగా వేయగలవా అని లార్వుడ్‌ను అడిగినాడు. వేయగలనన్నాడు లార్వుడ్.

ఈ పన్నుగడ యొక్క స్వరూపము ఇది. బ్యాట్స్‌మన్‌కు లెగ్ వైపున ఐదారుగురు ఫీల్డర్లు చేయి చాచినంత దూరములో విల్లువలె వంగిన వరుసగా నిలుతురు. వారి వెనుక, గాలిలోనికి కొట్టిన బంతిని పట్టుటకు మరి ఇద్దరుందురు. బంతి పిచ్ మీద పొట్టిగా పడి, పక్కటెముకల ఎత్తునకో, గొంతు ఎత్తునకో లేచి దేహము మీదికి వచ్చును. బ్యాటు అడ్డము పెట్టినచో బంతి దగ్గరివారి చేతులలో పడును. ఎత్తి కొట్టినచో దూరపువారు పట్టుకొందురు. ఏమియు చేయకున్నచో దెబ్బ తగులును. లెగ్ వైపు బౌలింగు అంతకుముందును ఉన్నదే; కాని అంత వేగముతో, అంత గురితో వేసినవారు లేరు. ఆస్ట్రేలియా పత్రికలు దీనికి 'బాడీలైన్' అని పేరు పెట్టినవి. ఆ పేరే నిలిచినది.

సిడ్నీలో మొదటి టెస్టు. బ్రాడ్‌మన్ అనారోగ్యముచేత ఆడలేదు. లార్వుడ్ ఇన్నింగ్సు ఒక్కటికి ఐదేసి చొప్పున పది వికెట్లు తీసినాడు, ఇంగ్లండు గెలిచినది. మెల్‌బోర్న్‌లో ఆస్ట్రేలియా గెలిచినది. బ్రాడ్‌మన్ సెంచరీ చేసినాడు. ఇక మూడవ టెస్టు, 1933 జనవరిలో అడిలైడ్ నగరమున. శనివారము ఏబది వేలమందికి పైగా జనము. ఆస్ట్రేలియా నాయకుడు వుడ్‌ఫుల్ గుండెకు లార్వుడ్ బంతి తగిలినది. అతడు బ్యాటు వదలి, రొమ్ము పట్టుకొని వంగిపోయినాడు. నిజము చెప్పవలెనన్న, ఆ బంతి వేసినపుడు ఫీల్డర్లు మామూలు స్థానములలోనే ఉన్నారు. కాని ఆ వెంటనే జార్డైన్ లార్వుడ్‌ను మెచ్చుకొనుట అందరును విన్నారు. తరువాత లార్వుడ్ ఓవరునకు అతడు ఫీల్డర్లను లెగ్ వైపు విల్లుగా మార్చినాడు. దెబ్బతిని నిలిచినవానిపై ఆ వ్యూహము పన్నుట చూచి జనము భగ్గుమన్నది. ఆ సాయంకాలము ఇంగ్లండు మేనేజరు పెల్హామ్ వార్నర్ పరామర్శకు వెళ్ళగా, మైదానములో రెండు జట్లున్నవని, క్రికెట్టు ఆడుచున్నది ఒక్కటేనని వుడ్‌ఫుల్ సమాధానము చెప్పినాడు. ఆ మాట పత్రికలకెక్కినది.

సోమవారమునాడు మరియొక ప్రమాదము. వికెట్‌కీపరు ఓల్డ్‌ఫీల్డ్ లార్వుడ్ బంతిని కొట్టబోగా అది బ్యాటు అంచున తాకి తలకు తగిలినది. పుఱ్ఱె చిట్లినది. అప్పుడును వ్యూహము బాడీలైన్ కాదు. పడిపోయిన ఓల్డ్‌ఫీల్డ్ వద్దకు మొదట పరుగెత్తినవారిలో లార్వుడ్ ఉన్నాడు. తనకు చాల విచారముగా ఉన్నదని చెప్పినాడు. నీ తప్పు కాదని ఆ గాయపడినవాడే అన్నాడు. ఈ సంగతిని శ్రోతలు గుర్తుంచుకొనవలెనని నా కోరిక. మరల దీని ప్రసక్తి వచ్చును.

మ్యాచి ముగియకముందే ఆస్ట్రేలియా క్రికెట్టు బోర్డు లండనులోని ఎం. సి. సి. వారికి తంతి పంపినది. ఈ బౌలింగు క్రీడాధర్మమునకు విరుద్ధమని, ఆపనిచో రెండు దేశముల స్నేహమునకే భంగమని అందులో వ్రాసినారు. ఎం. సి. సి. వారు కోపించి, మా నాయకునిపై మాకు పూర్ణవిశ్వాసమున్నది, మీకిష్టమైనచో పర్యటనను రద్దు చేసికొనవచ్చునని బదులిచ్చినారు. ఆ పెద్దలు ఆ ఆటను కంటితో చూడలేదు. తంతివార్తలే వారి కన్నులు. మాట మంత్రుల వరకు వెళ్ళినది. చివరకు ఆస్ట్రేలియావారు క్రీడాధర్మమును గూర్చిన మాటను వెనుకకు తీసికొన్నారు, ఆట సాగినది. ఇంగ్లండు నాలుగు టెస్టులు గెలిచి, ఒకటి ఓడినది. లార్వుడ్ తీసిన వికెట్లు 33. బ్రాడ్‌మన్ సగటు 56. మరెవరికైనను అది గొప్పయే. అతనికి అది పరాజయము.

ఆ జట్టులోని ఇద్దరి మాట ఇక్కడ చెప్పక తప్పదు. గబ్బీ అలెన్ అను వేగపు బౌలరు అమెచ్యూరు. తాను బాడీలైన్ వేయనని నాయకునితో ఖండితముగా చెప్పినాడు, వేయలేదు. అతనికి జరిగిన నష్టమేమియు లేదు. జట్టులోనే ఉండి 21 వికెట్లు తీసినాడు. మన దేశపు సంస్థానాధీశుడు, పటౌడీ నవాబు ఇఫ్తికార్ అలీఖాన్ మొదటి టెస్టులోనే సెంచరీ చేసినాడు. లెగ్ వైపు వ్యూహములో నిలుచుటకు నిరాకరించినాడు. రెండవ టెస్టు తరువాత అతనికి ఆ పర్యటనలో టెస్టులు లేవు. అయినను అది అతని జీవనోపాధి కాదు. కాదనుటకు అలెన్‌కు వీలున్నది, నవాబుకు వీలున్నది. గనినుండి వచ్చిన లార్వుడ్‌కు, కాదన్నచో తిరిగి పోవలసినది ఎక్కడికి? అయితే ఇందులో ఒక సత్యమును దాచరాదు. లార్వుడ్ అయిష్టముగా ఆ పని చేయలేదు. బ్రాడ్‌మన్‌ను అణచవలెనను పట్టుదల అతనికిని ఉన్నది. తాను వేసిన బంతి నియమములకు లోబడినదే అని అతడు మనఃపూర్వకముగా నమ్మినాడు.

సిడ్నీలో చివరి టెస్టు. ఇంగ్లండు ఇన్నింగ్సులో సాయంకాలపు కొసన వికెట్టు కాపాడుటకు జార్డైన్ లార్వుడ్‌ను బ్యాటింగునకు పంపినాడు. అతడు మరునాడు విజృంభించి 98 పరుగులు చేసి, రెండు పరుగుల దూరములో క్యాచి ఇచ్చినాడు. ఏ జనము అతనిని ఋతువంతయు దూషించినదో ఆ జనమే లేచి చప్పట్లు కొట్టినది. తరువాత బంతి వేయుచుండగా అతని ఎడమపాదమున ఎముక విరిగినది. అతడు మైదానము విడుచుటకు సెలవు అడిగినాడు. బ్రాడ్‌మన్ ఇంకను ఆడుచున్నాడు; లార్వుడ్ పని అయిపోయినదని అతనికి తెలియరాదని జార్డైన్ ఒప్పుకొనలేదు. ఓవరు ముగించమన్నాడు. లార్వుడ్ నిలుచున్న చోటనుండియే మిగిలిన బంతులు వేసి, కుంటుచు ఫీల్డింగు చేసినాడు. వెరిటీ బంతికి బ్రాడ్‌మన్ అవుటైన తరువాతనే అతనికి సెలవు దొరికినది. జీవితమంతయు ప్రత్యర్థులైన ఆ ఇద్దరు ప్రక్కప్రక్కన నడిచి, ఒక్క మాటయైనను పలుకక, మైదానము వెలుపలికి వెళ్ళినారు. అప్పుడెవరికిని తెలియదు గాని, లార్వుడ్ టెస్టు జీవితము ఆ నడకతో ముగిసినది. అతనికి అప్పటికి 28 ఏండ్లు.

1933 వేసవిలో వెస్టిండీస్ జట్టు ఇంగ్లండునకు వచ్చినది. మాంచెస్టరులో వారి వేగపు బౌలర్లు అట్టి బంతులనే ఇంగ్లండు బ్యాట్స్‌మన్‌లకు వేసినారు. జార్డైన్ చలింపక నిలిచి 127 పరుగులు చేసినాడు. అతని ధైర్యమును శంకింపరాదు. కాని ఇంగ్లండు ప్రజలు ఆ బంతిని తమ కన్నులతో చూచుట అదే మొదలు. చూచినవారి అభిప్రాయము మారినది. ఇక 1934లో ఆస్ట్రేలియా జట్టు రావలసియున్నది. పాతగాయము మానవలెను. దానికొక కారకుడు దొరకవలెను.

ఇచ్చట సంగతులను వరుసగా చూడుడు. బాడీలైన్ వ్యూహకర్త జార్డైన్‌నే 1933-34 శీతకాలమున ఎం. సి. సి. జట్టునకు నాయకుడుగా భారతదేశమునకు పంపినారు. 1934 మార్చిలో అతడు, ఆస్ట్రేలియాపై తాను ఆడనని తనంతట తాను ప్రకటించి తప్పుకొన్నాడు. ఇక మిగిలినది బౌలరు. నాటింగ్‌హామ్‌షైర్ క్లబ్బు ప్రముఖుడు, ధనవంతుడు అగు సర్ జూలియన్ కాన్ లార్వుడ్‌ను పిలిపించినాడు. ఆస్ట్రేలియాలో వేసిన బంతులకు ఎం. సి. సి. వారికి క్షమాపణ చెప్పవలెను. ఇకముందు అట్లు వేయనని ఒప్పుకొనవలెను. అప్పుడు టెస్టు జట్టులోనికి ఎన్నిక కావచ్చును. ఇది వర్తమానము.

లార్వుడ్ నిరాకరించినాడు. క్షమాపణ కోరవలసిన పని తాను చేయలేదన్నాడు. నాయకుడు చెప్పినట్లు బంతి వేసినాడు; ఆ నాయకునిపై పూర్ణవిశ్వాసమున్నదని తంతి ఇచ్చినవారు ఆ ఎం. సి. సి. వారే. ఆనాడు తప్పు కానిది ఈనాడు తప్పెట్లైనది? ఓల్డ్‌ఫీల్డ్ పడిపోయినపుడు లార్వుడ్ పరుగెత్తి వెళ్ళి విచారము తెలిపినాడని ఇంతకుముందు మనవి చేసినాను. దెబ్బతిన్న మనిషి ఎదుట అతనికి అహంకారము అడ్డు రాలేదు. కాని తనను పని చేయించుకొన్నవారు, తమ చేతులు కడుగుకొనుటకు తనను చేతిగుడ్డగా వాడుకొనబోగా మాత్రము అతడు తల వంచలేదు.

లార్వుడ్ లోపమే లేనివాడని నేననను. 1933లో పత్రికలలోను, ఒక పుస్తకములోను తన బౌలింగును సమర్థించుకొనుచు ఆస్ట్రేలియా ప్రేక్షకులను గూర్చి కటువుగా వ్రాసినాడు. 1934 జూనులో, ఆస్ట్రేలియాపై ఇక ఆడనని పత్రికాముఖమున ప్రకటించి తనకు మిగిలిన ద్వారమును తానే మూసికొన్నాడు. కొంచెము ఓర్చుకొని యుండిన బాగుండెడిదేమో. వోస్ కొంతకాలమునకు రాజీపడి, 1936-37లో మరల ఆస్ట్రేలియా వెళ్ళి 26 వికెట్లు తీసినాడు. ఆస్ట్రేలియావారి మొఱ కూడ న్యాయమైనదే. అట్టి బౌలింగు ప్రాణాపాయకరము. దానిని సహించినచో ఆట ఆటగా మిగులదు. నియమములను మార్చి దానిని నిషేధించుట మంచి పనియే. కాని పద్ధతిని నిషేధించుట వేరు. ఆ పద్ధతిని చేయించినవారందరును తప్పుకొని, చేసినవానిని ఒక్కనిని నిలబెట్టుట వేరు.

ఆ తరువాత లార్వుడ్ కౌంటీకి మాత్రమే ఆడినాడు. పాదము దెబ్బతిన్నందున వేగము తగ్గినది, నైపుణ్యము తగ్గలేదు. 1936లో దేశములోని బౌలర్ల సగటు పట్టికలో మరల మొదటి స్థానము పొందినాడు. అట్లు మొదటి స్థానము అతనికి ఐదవసారి. 1938లో కౌంటీ క్రికెట్టు విరమించినాడు. మొత్తము 1,427 వికెట్లు. టెస్టులు 21, వాటిలో వికెట్లు 78. యుద్ధానంతరము సముద్రతీరమునందలి బ్లాక్‌పూల్ పట్టణములో మిఠాయి దుకాణము పెట్టుకొని, భార్యతోను ఐదుగురు కుమార్తెలతోను సామాన్యముగా కాలము గడిపినాడు.

అక్కడికి 1948లో ఒకడు వెదకుకొనుచు వచ్చినాడు. అతడు జాక్ ఫింగిల్టన్. బాడీలైన్ టెస్టులలో లార్వుడ్ బంతుల దెబ్బలు తిన్న ఆస్ట్రేలియా ఆటగాడు, అప్పటికి పత్రికారచయిత. ఇంగ్లండులో యుద్ధానంతరపు రేషను దినములు, బ్రతుకు ఇరుకు. మా దేశమునకు రమ్మని పాత శత్రువే పిలిచినాడు. 1949లో ఎం. సి. సి. వారు, తమ గౌరవసభ్యులుగా తీసికొన్న పూర్వపు వృత్తి ఆటగాండ్రలో లార్వుడ్‌ను కూడ చేర్చినారు. 1950 ఏప్రిలులో అతడు కుటుంబముతో ఆస్ట్రేలియాకు ఓడ ఎక్కినాడు. ఆ ఓడ పేరు ఆరోంటీస్. 1932లో జార్డైన్ జట్టును తీసికొనిపోయిన ఓడయే అది.

అంతకు కొలది నెలల ముందు వరకు ఆస్ట్రేలియా ప్రధానిగా ఉన్న బెన్ చిఫ్లీ, ఆ కుటుంబము దిగిన తొలిదినములలో బస ఖర్చులో సగము తన పేరు తెలియనీయక చెల్లించినాడు. లార్వుడ్ సిడ్నీలో ఒక శీతలపానీయముల కంపెనీలో పనికి కుదిరి, కింగ్స్‌ఫర్డ్ అను పేటలో చిన్న ఇల్లు ఏర్పరచుకొన్నాడు. ఒకనాడు అతని పేరు వినినంతనే మండిపడిన నగరము, అతనిని తన పౌరునిగా స్వీకరించినది. ఓల్డ్‌ఫీల్డ్ అతని మిత్రుడైనాడు. 1977లో మెల్‌బోర్న్‌లో జరిగిన శతవార్షిక టెస్టునకు అతిథిగా వెళ్ళగా జనము ఆదరించినది. 1993లో, బాడీలైన్ ముగిసిన 60 ఏండ్లకు, క్రికెట్టు ప్రియుడైన జాన్ మేజర్ ప్రధానిగా ఉండగా బ్రిటిషు ప్రభుత్వము అతనికి ఎం. బి. ఇ. బిరుదు ఇచ్చినది. 1995 జూలై 22వ తేదీన, తన 90వ ఏట, లార్వుడ్ సిడ్నీలో కన్నుమూసినాడు. అతడు కడవరకు క్షమాపణ చెప్పలేదు.

అతని ఇంటిలో ఒక చిన్న వెండి పళ్ళెరముండెడిది; సిగరెట్టు బూడిద రాల్చుకొనునది. ఆ 1932-33 విజయమునకు జ్ఞాపికగా జార్డైన్ అతనికి ఇచ్చిన కానుక అది. బూడిద బహుమానమైన పోటీకి బూడిదపళ్ళెరము! యాషెస్ తెచ్చిన హెరాల్డునకు కృతజ్ఞుడైన నాయకుడు ఇచ్చినదని దానిపై చెక్కించినాడు. ఇంటికి వచ్చినవారికి లార్వుడ్ దానిని చూపెడివాడు. పని చేయించుకొన్నవాడు ఆ పని తనదేనని ఒప్పుకొనుచు చెక్కించిన మాట అది. క్షమాపణ అడిగినవారి వద్ద అతనికి దొరకనిది అదియే.